వెలుగు కోటకు స్వరం కట్టిన మాస్టారు

మన హాస్టల్లో కరెంటు పోయిన రాత్రులు గుర్తున్నాయి కదా. ఎవరో ఒకడు ట్రంకు పెట్టె మీద దరువు మొదలుపెట్టేవాడు. ఇంకొకడు అన్నం తినే కంచం అందుకునేవాడు. ఒకడు పాట ఎత్తుకుంటే హాలంతా కోరస్ పలికేది. హార్మోనియం లేదు, మైకు లేదు, నేర్పిన గురువు లేడు. మన దగ్గర ఉన్నవల్లా గొంతులే. అలా గొంతులనే ఆస్తిగా దాచుకున్న ఒక చిన్న జాతి ఐరోపా ఖండంలో ఉంది. బాల్టిక్ సముద్రం ఒడ్డున ఉన్న ఆ దేశం పేరు లాట్వియా. ఈనాటికీ అక్కడి జనాభా ఇరవై లక్షల లోపే. ఆ జాతి తన సంగీతానికి పెద్ద మాస్టారుగా చెప్పుకునే యాజెప్స్ వీటోల్స్ గారి జీవితం గురించి ఈ వార్షికోత్సవ సంచికలో నాలుగు మాటలు రాయాలనిపించింది.

ఆయన గురించి చెప్పాలంటే ముందు ఆ నేల గురించి చెప్పాలి. పదమూడో శతాబ్దంలో జర్మన్ యోధులు శిలువ గుర్తుతో వచ్చి ఆ ప్రాంతాన్ని ఆక్రమించుకున్నారు. ఆ తర్వాత పైన ఏలే రాజులు మారారు. పద్దెనిమిదో శతాబ్దంలో రష్యా చక్రవర్తుల పాలన వచ్చింది. కానీ కింద భూమి మాత్రం జర్మన్ దొరల చేతుల్లోనే ఉండిపోయింది. లాట్వియన్ రైతు ఆ దొర భూమికి కట్టుబానిస. దొర అనుమతి లేకుండా ఊరు దాటి పోవడానికి కూడా లేదు. ఈ కట్టుబానిసత్వాన్ని దక్షిణ ప్రాంతమైన కుర్లాండ్‌లో 1817లోనూ, ఉత్తర ప్రాంతమైన లివ్లాండ్‌లో 1819లోనూ రద్దు చేశారు. మనిషికి స్వేచ్ఛ ఇచ్చారు గానీ గజం భూమి ఇవ్వలేదు. స్వేచ్ఛ దొరికిన రైతు మళ్లీ అదే దొర దగ్గరకు వెళ్లి కౌలుకు అడగవలసిందే. ఇలాంటి విడుదల ఎలా ఉంటుందో మన పెద్దవాళ్ల మాటల్లో విన్నవాళ్లకు నేను వేరే చెప్పనక్కర్లేదు.

భాషకూ అదే గతి పట్టింది. బంగళాలో జర్మన్, కచేరీలో జర్మన్, పెద్ద చదువుల్లో జర్మన్. లాట్వియన్ భాష పొలంలో, పశువుల కొట్టంలో, పెళ్లిలో, చావులో మాట్లాడుకునేది. అయితే ఆ భాషలో ఒక గొప్ప నిధి ఉంది. దైనా అని పిలిచే చిన్న జానపద పాటలు. ఎక్కువగా నాలుగు పాదాల్లోనే ముగుస్తాయి. విత్తనం వేసేటప్పుడు, తిరగలి విసిరేటప్పుడు, బిడ్డను ఊపేటప్పుడు, శవాన్ని సాగనంపేటప్పుడు పాడుకున్నవి. వాటిని క్రిష్యానిస్ బరోన్స్ అనే పండితుడు జీవితమంతా కూర్చి, చీటీల మీద రాసి, సొరుగులున్న ఒక బీరువాలో వర్గాలుగా పేర్చాడు. 1894 నుంచి 1915 వరకు అచ్చయిన ఆయన సంపుటాల్లో 2,17,996 పాటలున్నాయి. పేరు తెలియని కూలి తల్లులు కట్టిన పాటలకు ఇంత పెద్ద లెక్క ప్రపంచంలో ఎన్ని జాతులకు ఉంటుందో!

యాజెప్స్ వీటోల్స్ 1863 జూలై 26న వల్మియెరా అనే చిన్న పట్టణంలో జన్మించారు. వీటోల్స్ అంటే వాళ్ల భాషలో నీటి ఒడ్డున పెరిగే విల్లో చెట్టు. తండ్రి బడిపంతులు. ఇక్కడ ఒక మాట దాచకుండా చెప్పాలి. మహనీయుల చరిత్రలు రాసేటప్పుడు చిన్నతనంలో వాళ్లు వీధి దీపం కింద చదివారని రాయడం మనకు అలవాటు. వీటోల్స్ అలాంటి పేదరికంలో పుట్టినవారు కాదు. ఉపాధ్యాయుడి కొడుకు, ఇంట్లో పుస్తకాలున్నాయి, అక్షరం అంటే భయం లేదు. ఆ కాలంలో ఒక లాట్వియన్ కుటుంబానికి అది పెద్ద మెట్టే. అంతకు రెండు తరాల ముందు కట్టుబానిసత్వం ఉన్న చోట ఒక తరం బడి దాకా వచ్చింది, తర్వాతి తరం పట్నం కాలేజీ వైపు చూసింది.

బాల్యం ఎక్కువగా యెల్గవా పట్టణంలో గడిచింది. ఆయనకు పదేళ్లు నిండే సంవత్సరంలో, అంటే 1873లో, రీగా నగరంలో తొలి లాట్వియన్ పాటల ఉత్సవం జరిగింది. ఊరూరి నుంచి వచ్చిన బృందాల్లో సుమారు వెయ్యిమంది గాయకులు ఒకే వేదిక మీద నిలబడి లాట్వియన్ భాషలో పాడారు. వాళ్లలో రైతులు, పంతుళ్లు, చేతిపనివాళ్లు ఉన్నారు. దొరల భాష రాజ్యమేలే నగరంలో పొలం భాష అంత గట్టిగా వినిపించడం అదే మొదలు. ఈ ఉత్సవం ఆనాటి నుంచి కొన్నేళ్లకోసారి జరుగుతూనే ఉంది. 2023లో నూట యాభై ఏళ్లు నిండాయి.

1880లో, పదిహేడేళ్ల వయసులో, వీటోల్స్ రష్యా రాజధాని సెయింట్ పీటర్స్‌బర్గ్ వెళ్లి అక్కడి సంగీత విద్యాలయంలో చేరారు. రష్యా సామ్రాజ్యంలో సంగీతానికి అది అన్నిటికన్నా పెద్ద చదువు. లాట్వియాలో అలాంటి విద్యాలయం లేదు. ఏ లాట్వియన్ కుర్రవాడికైనా సంగీతం పూర్తిగా నేర్చుకోవాలంటే దూరం పోవడం తప్పదు. ఆయనకన్నా కొన్నేళ్ల ముందే ఆండ్రెయ్స్ యుర్యాన్స్ అనే లాట్వియన్ అక్కడ చదివి, ఊళ్లు తిరిగి జానపద బాణీలను సేకరించే పని పెట్టుకున్నాడు. అంటే దారిలో ఒక సీనియర్ అడుగుజాడ ఉంది. దాని విలువ ఏమిటో మొదటిసారి యూనివర్సిటీ గేటు దగ్గర అప్లికేషన్ పట్టుకుని నిలబడినవాళ్లకు తెలుస్తుంది.

అక్కడ ఆయన గురువు నికోలాయ్ రిమ్‌స్కీ-కోర్సకోవ్. ఈయన కథ ఒకటి మన విద్యార్థులకు చెప్పాలి. ఆయన నౌకాదళ అధికారి. 1871లో విద్యాలయం వాళ్లు పిలిచి ప్రొఫెసర్ పదవి ఇచ్చేనాటికి ఆయనకు సంగీత శాస్త్రం సరిగా రాదు. పాటలు కట్టడం వచ్చు గానీ వ్యాకరణం రాదు. పిల్లలకు చెప్పవలసిన పాఠాన్ని ఇంట్లో కూర్చుని తానే ముందుగా నేర్చుకుంటూ, వాళ్లకన్నా ఒక్క మెట్టు ముందుండేలా చూసుకుంటూ, చివరికి రష్యాలోనే పేరుమోసిన గురువయ్యాడు. వాయిద్య బృందానికి సంగీతం రాయడంలో ఆయనకు మించినవాడు లేడనిపించుకున్నాడు. కష్టపడి నేర్చుకున్నవాడు నేర్పే పద్ధతి వేరుగా ఉంటుందని నా నమ్మకం. వీటోల్స్‌కు ఆ పద్ధతి బాగా అబ్బింది. 1886లో చదువు పూర్తి కాగానే అదే విద్యాలయంలో పాఠాలు చెప్పమని ఆయనను ఉంచుకున్నారు.

ఆ రోజుల్లో పీటర్స్‌బర్గ్‌లో మిత్రోఫాన్ బెల్యాయెవ్ అనే కలప వ్యాపారి ఉండేవాడు. సంగీతమంటే ప్రాణం. ప్రతి శుక్రవారం తన ఇంట్లో సంగీతజ్ఞులను కూర్చోబెట్టి, నలుగురు కలిసి వాయించే రచనలు వాయింపజేసి, భోజనం పెట్టేవాడు. 1885లో జర్మనీలోని లైప్జిగ్ నగరంలో సొంత ప్రచురణ సంస్థ పెట్టి రష్యా స్వరకర్తల రచనలు అచ్చువేయించాడు. గ్లజునోవ్, ల్యాదోవ్ వంటివాళ్లు ఆ శుక్రవారాల మనుషులు. వీటోల్స్ కూడా వాళ్లలో ఒకరయ్యారు. ఆ శుక్రవారాల జ్ఞాపకంగా తర్వాత అచ్చయిన సంకలనంలో వీటోల్స్ రాసిన ఒక చిన్న నాట్యగతి కూడా ఉంది. ఆయన రచనలు లైప్జిగ్‌లో అచ్చయి ఐరోపా అంతా తిరిగాయి. కాకపోతే అట్ట మీద ఆయన పేరు జర్మన్ పద్ధతిలో విటోల్ అని ఉండేది. రష్యన్లు ఇంకో రకంగా పలికేవారు. పట్నం పోయినవాడి పేరును పట్నమే తనకు నోరు తిరిగినట్టు మార్చుకుంటుంది. హాజరు పట్టీలో మన ఇంటిపేర్లు ఎన్ని రకాలుగా చదివారో మనకూ గుర్తే.

ఇదే సమయంలో ఆయన ఒక్కొక్కటిగా తన జాతికి లేనివి సమకూరుస్తూ వచ్చారు. ఇ మైనర్ స్వరంలోని సింఫనీని లాట్వియన్ రాసిన తొలి సింఫనీగా చెబుతారు. 1889లో లీగో అనే వాయిద్య రచన చేశారు. లీగో అంటే జూన్ చివరి వారంలో, ఏడాదిలో అతి చిన్న రాత్రి వచ్చే వేళ, లాట్వియన్లు చేసుకునే పండగ. మంటలు వేసి, తలకు ఓక్ ఆకుల దండలు చుట్టుకుని, తెల్లవార్లూ పాడతారు. ప్రతి పాట చివరా లీగో లీగో అనే పల్లవి వస్తుంది. ఆ పొలాల మధ్య పల్లవి రాజధానిలో పెద్ద వాయిద్య బృందానికి ఎక్కింది.

అయినా ఒక మాట ఒప్పుకోవాలి. ఆయన సింఫనీలో, ఇతర వాయిద్య రచనల్లో గురువుగారి నీడ బాగా కనిపిస్తుందని విమర్శకులు అంటారు. నేనూ కొన్ని విన్నాను. పెద్ద పండితుడిని కాను గానీ నాకూ అలాగే అనిపించింది. చక్కగా, పద్ధతిగా, ఎక్కడా తప్పు లేకుండా ఉంటాయి. ఫస్ట్ క్లాస్ జవాబు పత్రంలా ఉంటాయి. ఆయన సొంత గొంతు వాయిద్యాల్లో కాదు, మనుషుల గొంతుల్లో దొరికింది.

అది వెలుగు కోట అనే పాట. వాళ్ల భాషలో గైస్మస్ పిల్స్. ఈ పాట వెనక ఇంకొక మనిషి ఉన్నాడు. ఔసెక్లిస్ అనే కలం పేరుతో రాసిన మికెలిస్ క్రోగ్జెమిస్. రైతు బిడ్డ, బడిపంతులు, కవి. పీటర్స్‌బర్గ్‌లో ఉంటూ టైఫస్ జ్వరంతో 1879లో చనిపోయాడు. అప్పటికి వయసు ఇరవై ఎనిమిదేళ్లు. ఆ మరుసటి ఏడాదే పదిహేడేళ్ల వీటోల్స్ అదే నగరంలో అడుగుపెట్టారు. ఒకరినొకరు అక్కడ కలుసుకునే అవకాశం ఒక్క ఏడాదిలో తప్పిపోయింది. ఇరవై ఏళ్ల తర్వాత 1899లో వీటోల్స్ ఆ కవి రాసిన గేయకథకు స్వరం కట్టారు.

గేయంలోని కథ ఇది. పూర్వం ఆ నేల మీద ఒక వెలుగు కోట ఉండేది. పరాయివాళ్లు దండెత్తి వచ్చారు. వీరులు నేలకూలారు, జనం బానిసలయ్యారు, కోట లోతుల్లోకి మునిగిపోయింది. దాని పేరు కూడా జనం మరిచిపోయారు. ఎవరైనా ఆ పేరును సరిగ్గా ఊహించి పలికితే కోట మళ్లీ పైకి లేస్తుంది. చివరికి ఆ జాతి బిడ్డలు పేరును కనుక్కుంటారు, కోట లేస్తుంది. ఇంతే కథ. దాన్ని వింటున్నప్పుడు నాకు తట్టిందేమిటంటే, ఆ కోటను ఎత్తడానికి కత్తి అడగలేదు, సైన్యం అడగలేదు. మరిచిపోయిన ఒక పేరును గుర్తు తెచ్చుకోమని మాత్రమే అడిగింది.

వాయిద్యం ఒక్కటి కూడా లేకుండా, స్త్రీల పై గొంతు, కింది గొంతు, పురుషుల పై గొంతు, కింది గొంతు అని నాలుగు వరుసలకు ఆయన దీన్ని రాశారు. మొదట పెద్దలు కథ చెప్పినట్టు నిదానంగా సాగుతుంది. యుద్ధం దగ్గర గొంతులు గరుకుగా, తొందరగా మారతాయి. కోట మునిగిన తర్వాత పాట దాదాపు ఊపిరి స్థాయికి పడిపోతుంది. వేలమంది ఉన్న మైదానంలో ఆ నిశ్శబ్దం వింటే ఒళ్లు జలదరిస్తుంది. ఆ లోతు నుంచి ఒక్కొక్క వరుస కలుస్తూ, పెరుగుతూ, చివరికి వెలుగు అనే మాట దగ్గర అందరి గొంతులూ ఒక్కసారి తెరుచుకుంటాయి. భాష రానివాడికి కూడా ఏం జరిగిందో అర్థమవుతుంది. నేను మొదటిసారి చూసింది కంప్యూటర్లో, చెవుల్లో పెట్టుకునే చిన్న స్పీకర్లతో. వాళ్ల భాషలో ఒక్క ముక్క రాదు. అయినా అదే రోజు మూడుసార్లు విన్నాను.

ఔసెక్లిస్ రాసిన మరో గేయానికీ వీటోల్స్ బాణీ కట్టారు. బెవెరీనా అనే పాత కోట మీద నిలబడి ఒక గాయకుడు పాడితే కింద యుద్ధం ఆగిపోయిన కథ అది. ఇవి కాక వందల కొద్దీ జానపద పాటలను బృందగానానికీ, పియానోతో పాడడానికీ అనువుగా మలిచారు.

పీటర్స్‌బర్గ్‌లో ఉద్యోగమూ ఎదిగింది. 1897 నుంచి 1914 వరకు అక్కడి జర్మన్ పత్రికకు సంగీత విమర్శలు రాశారు. 1908లో గురువు రిమ్‌స్కీ-కోర్సకోవ్ మరణించాక ఆయన స్థానంలోకి వచ్చారు. ఇరవయ్యో శతాబ్దపు గొప్ప స్వరకర్తల్లో ఒకడైన సెర్గేయ్ ప్రొకోఫియెవ్, ఇరవై ఏడు సింఫనీలు రాసిన నికోలాయ్ మ్యాస్కోవ్‌స్కీ ఇద్దరూ విద్యార్థులుగా ఆయన తరగతిలో కూర్చున్నవాళ్లే. పాత పద్ధతి మాస్టారు, కొత్త పోకడల కుర్రాళ్లు. ఆ తరగతి గదిని ఊహించుకుంటే సరదాగా ఉంటుంది.

కానీ అందరి చదువూ ఇలా సాగలేదు. ఎమీల్స్ దార్జిన్ష్ అనే యువకుడు 1898లో అదే పీటర్స్‌బర్గ్ విద్యాలయంలో చేరాడు. మెత్తని, కన్నీరు తెప్పించే పాటలు కట్టగల ప్రతిభ ఉంది. కానీ 1901లో చదువు పూర్తి కాకుండానే తిరిగి రావలసి వచ్చింది. రీగాలో పాఠాలు చెప్పుకుంటూ, పత్రికలకు రాసుకుంటూ బతికాడు. తన వాయిద్య రచనల చేతిరాతలను తానే నాశనం చేసుకున్నాడు. 1910లో రైలు కింద పడి చనిపోయాడు. వయసు ముప్పై నాలుగు. ఆయన వాయిద్య రచనల్లో విషాద వాల్ట్జ్ ఒక్కటి మాత్రం మిగిలింది. వాయిద్యకారుల దగ్గర ఉండిపోయిన విడి కాగితాల నుంచి దాన్ని మళ్లీ కూర్చారు. ఇప్పుడు లాట్వియాలో దాన్ని వినని ఇల్లు ఉండదంటారు.

దార్జిన్ష్ గురించి చదివిన రోజు నాకు నిద్ర పట్టలేదు. మా ఇంట్లో డిగ్రీ పట్టా అందుకున్న మొదటివాణ్ణి నేను. నాతో ఒకే దుప్పటి కింద పడుకుని ఇంటర్ చదివిన మిత్రుడు నాకన్నా లెక్కల్లో చురుకు. డిగ్రీ రెండో సంవత్సరంలో ఇంటి పరిస్థితుల వల్ల మానేశాడు. నేను పీజీ చేస్తున్నాను, వాడు లారీ మీద వెళ్తున్నాడు. దూరం పోతే తప్ప చదువు దొరకని చోట ఎవరు చేరుకుంటారు, ఎవరు మధ్యలో రాలిపోతారు అన్నది తెలివితేటల మీద మాత్రమే ఆధారపడదు. వీటోల్స్ జీవితంలో తర్వాత జరిగినదాన్ని నేను ఈ కోణం నుంచే చూశాను.

1914లో మొదటి ప్రపంచ యుద్ధం వచ్చింది. 1915 నుంచి యుద్ధరేఖ లాట్వియా మధ్యగా సాగింది. లక్షలమంది ఊళ్లు వదిలి రష్యా వైపు పారిపోయారు. 1917లో రష్యాలో జారు ప్రభుత్వం కూలింది. 1918 నవంబర్ 18న రీగాలో లాట్వియా స్వతంత్ర దేశంగా ప్రకటించుకుంది. వీటోల్స్ ఆ 1918లోనే పీటర్స్‌బర్గ్ విడిచి స్వదేశానికి వచ్చారు. వెళ్లినప్పుడు పదిహేడేళ్లు, వచ్చేసరికి యాభై అయిదు. ముప్పై ఎనిమిదేళ్లు పరాయి నగరంలోనే గడిచాయి.

ఆయన ముందే ఎందుకు రాలేదని అడగవచ్చు. మన ఊళ్లలోనూ ఇదే ప్రశ్న అడుగుతారు. హైదరాబాదు పోయినవాడు ఊరిని మరిచాడంటారు. నిజం చెప్పాలంటే ఆయన విప్లవకారుడు కాడు. జెండా పట్టుకుని వీధిలో నడిచిన మనిషి కాడు. సామ్రాజ్యపు విద్యాలయంలో జీతం తీసుకుని, జర్మన్ పత్రికకు రాసి, పెద్దమనిషిగా బతికారు. అయితే ఆ ముప్పై ఎనిమిదేళ్లలో ఆయన రాసిన పాటలు ఆయనకన్నా ముందే ఊరు చేరాయి. ఆయన పీటర్స్‌బర్గ్‌లో ఉండగా వల్మియెరా రైతులు ఆయన బాణీ పాడుకున్నారు. తిరిగి రావడం అనేది రైలు దిగిన రోజునే మొదలవుతుందని నేను అనుకోను.

వచ్చాక కొంతకాలం రీగాలో కొత్తగా ఏర్పడిన లాట్వియన్ ఒపెరా బాధ్యత చూశారు. 1919లో లాట్వియా మొట్టమొదటి సంగీత విద్యాలయాన్ని స్థాపించారు. ఆ సంవత్సరం ఎలాంటిదో గుర్తుంచుకోవాలి. జనవరిలో బోల్షివిక్కులు రీగాను పట్టుకున్నారు. మే నెలలో వాళ్లు పోయారు. ఏడాది చివరిలో మళ్లీ నగరం అంచున ఫిరంగులు మోగాయి. దేశం నిలుస్తుందో లేదో తెలియని రోజుల్లో పాట నేర్పే బడి పెట్టారు. 1935 వరకూ, మళ్లీ 1937 నుంచి 1944 వరకూ దానికి ఆయనే అధిపతి. అధిపతి కుర్చీలో కూర్చున్నా తరగతికి వెళ్లి స్వరరచన పాఠం చెప్పడం మానలేదు.

ఆ తరగతిలో చదివినవాళ్లలో కొందరి పేర్లు చెబుతాను. లూసియా గారూతా అనే అమ్మాయి పియానో కళాకారిణిగా, స్వరకర్తగా పేరు తెచ్చుకుంది. తూర్పు లాట్వియాలో పేద రైతు కుటుంబంలో పుట్టిన యానిస్ ఇవానోవ్స్ ఇరవై సింఫనీలు పూర్తిచేసి, మరొకటి మధ్యలో ఉండగా మరణించాడు. ఇంకొక విద్యార్థి పేరు వోల్ఫ్‌గాంగ్స్ దార్జిన్ష్. అవును, ఆ రైలు కింద పడి చనిపోయిన ఎమీల్స్ కొడుకే. తండ్రి పోయేనాటికి నాలుగేళ్లు నిండలేదు. తండ్రి ఏ చదువు కోసం రాజధానికి పోయి సగంలో తిరిగి వచ్చాడో, కొడుకు ఆ చదువును సొంత నగరంలో, వీటోల్స్ గారి దగ్గరే నేర్చుకుని స్వరకర్త అయ్యాడు. తొమ్మిదేళ్ల తేడాతో ఒక తండ్రి మరణం, ఒక బడి ప్రారంభం. ఈ జీవితచరిత్రలో నాకు అన్నిటికన్నా గట్టిగా పట్టుకున్న విషయం ఇదే.

స్వతంత్ర లాట్వియా 1920లో భూసంస్కరణ చేసి జర్మన్ దొరల ఎస్టేట్లను పంచింది. అలాంటి పాత ఎస్టేటు ఒకటి గౌయియెనా అనే పల్లెలో ఉంది. అక్కడి ఒక ఇల్లు వీటోల్స్‌కు దక్కింది. దానికి భార్య పేరు మీద అన్నినియాస్ అని పేరు పెట్టుకున్నారు. వేసవి సెలవులన్నీ అక్కడే. ఇప్పుడది ఆయన మ్యూజియం. తాతలు తలవంచి నడిచిన దొర తోటలో మనవడు కూర్చుని పాటలు రాసుకున్నాడన్నమాట.

ఆ సుఖం ఎక్కువ కాలం లేదు. 1940లో సోవియట్ సైన్యం దేశాన్ని ఆక్రమించింది. 1941 జూన్ 14న ఒక్క రాత్రిలో వేలమందిని రైలు పెట్టెల్లో ఎక్కించి సైబీరియా పంపారు. అదే వేసవిలో నాజీ సైన్యం వచ్చింది. వాళ్లు, వాళ్లకు సాయపడ్డ స్థానికులు కలిసి అక్కడి యూదులను దాదాపు తుడిచిపెట్టారు. 1944లో సోవియట్లు తిరిగి వస్తున్నారని తెలిసి లక్షకు పైగా జనం ఇల్లూ వాకిలీ వదిలి పడమరకు పారిపోయారు. వాళ్లలో ఎనభై ఒక్క ఏళ్ల వీటోల్స్ కూడా ఉన్నారు. ఏ జర్మన్ దొరల నీడ నుంచి తన జాతి పాట బయటపడాలని జీవితమంతా రాశారో, చివరికి ఆ జర్మనీలోనే తలదాచుకోవలసి వచ్చింది. యుద్ధంలో బాంబులు పడి పాడైన లూబెక్ నగరంలో శరణార్థిగా ఉంటూ 1948 ఏప్రిల్ 24న కన్నుమూశారు. అక్కడే పూడ్చిపెట్టారు.

సోవియట్ పాలనలో ఆయన పరిస్థితి చిత్రంగా ఉండేది. ప్రభుత్వం దృష్టిలో దేశం విడిచి పారిపోయిన మనిషి. కానీ ఆయన పెట్టిన బడి లేకుండా సంగీతం లేదు. 1958లో ఆ విద్యాలయానికి ఆయన పేరే పెట్టారు. వెలుగు కోట పాటతో మాత్రం అధికారులకు ఎప్పుడూ ఇబ్బందే. మునిగిన కోట అంటే ఏమిటో, దాని మరిచిపోయిన పేరు ఏమిటో పాడేవాళ్లకు తెలుసు, వినేవాళ్లకు తెలుసు, ఆపేవాళ్లకూ తెలుసు. 1985 పాటల ఉత్సవంలో దాన్ని కార్యక్రమం నుంచి తీసేశారు. దాన్ని నడిపించడంలో పేరున్న వృద్ధుడు హారాల్డ్స్ మెద్నిస్‌ను వేదిక ఎక్కనివ్వలేదు. కార్యక్రమం అయిపోయింది. గాయకులు కదల్లేదు. మెద్నిస్ పేరును వేలమంది గట్టిగా పిలవడం మొదలుపెట్టారు. ఆపడం అధికారుల వల్ల కాలేదు. ఆయన వచ్చి చెయ్యి ఎత్తాడు. జాబితాలో లేని పాటను ఆ వేలమంది పాడారు.

ఆ తర్వాత ఆరేళ్లకు, 1991లో, లాట్వియా తిరిగి స్వతంత్రమైంది. బాల్టిక్ దేశాల ఆ పోరాటానికి పాటల విప్లవం అని పేరు. 1993లో వీటోల్స్ అవశేషాలను లూబెక్ నుంచి తెచ్చి రీగాలోని అడవి శ్మశానంలో ఖననం చేశారు.

ఇంకొక్క సంగతి రాసి ముగిస్తాను. రీగాలో దౌగవా నది ఒడ్డున జాతీయ గ్రంథాలయానికి కొత్త భవనం కట్టారు. గాజు కొండలా ఉంటుంది. జనం దాన్ని వెలుగు కోట అనే పిలుస్తారు. 2014 జనవరి 18న పాత భవనం నుంచి కొత్త భవనం దాకా సుమారు రెండు కిలోమీటర్ల పొడవున, నది మీది వంతెన మీదుగా, దాదాపు పద్నాలుగు వేల మంది వరుసగా నిలబడ్డారు. గడ్డకట్టే చలి. చేతులకు ఉన్ని తొడుగులు. పిల్లలు, ముసలివాళ్లు, ఉద్యోగులు, విద్యార్థులు. ఒకరి చేతి నుంచి ఒకరి చేతికి పుస్తకాలు అందుకుంటూ, నదిని దాటించి, ఒక్కొక్కటిగా ఆ కోటలోకి చేర్చారు.